నన్ను అడగకుండా నన్నెలా అమ్ముతారు? – కర్ట్ ఫ్లడ్ ఆట, కేసు

సభకు నమస్కారం.

1969 డిసెంబర్ 24న అమెరికాలో ఒక బేస్‌బాల్ ఆటగాడు ఆ ఆటను నడిపే కమిషనర్‌కు ఉత్తరం రాశాడు. చిన్న ఉత్తరమే. మేజర్ లీగుల్లో, అంటే ఆ ఆట పై స్థాయి పోటీల్లో, పన్నెండేళ్లు ఆడాక, నా ఇష్టంతో పని లేకుండా కొనడానికీ అమ్మడానికీ నేనొక ఆస్తినని నేను అనుకోవడం లేదు అని అందులో మొదటి మాట. 1970లో ఆడాలని ఉంది, ఆడే సత్తా ఉంది. ఫిలడెల్ఫియా క్లబ్బు కాంట్రాక్టు పంపింది. అయితే మిగతా క్లబ్బులు ఏమిస్తాయో చూసుకునే హక్కు కూడా నాకుంది. కాబట్టి నేను అందుబాటులో ఉన్నానని వాళ్లందరికీ తెలియజేయండి. అంతే. అందులో తిట్టు లేదు, బెదిరింపు లేదు.

వారం తిరక్కుండా జవాబొచ్చింది. ఇతను 'మిస్టర్ కూన్' అని గౌరవంగా రాస్తే, అటునుంచి 'డియర్ కర్ట్' అని వచ్చింది. మనిషిగా నువ్వు కొనే, అమ్మే వస్తువు కాదన్నది నేనూ ఒప్పుకుంటాను, కాకపోతే ఇప్పటి సంగతికి అదెలా వర్తిస్తుందో నాకు కనబడటం లేదు అని కమిషనర్ బోవీ కూన్ సారాంశం. ఆఫీసుల చుట్టూ తిరిగిన అనుభవం ఉన్నవాళ్లకు ఈ తరహా జవాబు కొత్త కాదు. సూత్రానికి సరే అంటారు, మీ ఫైలు మాత్రం కదలదు.

ఆ ఉత్తరం రాసినవాడు కర్ట్ ఫ్లడ్. సెయింట్ లూయిస్ కార్డినల్స్ జట్టుకు సెంటర్ ఫీల్డర్. నోరున్న ఆటగాడు అంటే మనకు అంపైర్ మీదికి వెళ్లేవాడు, మైకు కనబడగానే చెలరేగిపోయేవాడు గుర్తొస్తాడు. ఫ్లడ్ అలాంటి మనిషి కాదు. మెల్లగా, మాటలు వెతుక్కుంటూ మాట్లాడేవాడు. కానీ బేస్‌బాల్‌లో అంతకు ముందు ఎవరూ అంత సూటిగా అనని మాట అన్నాడు. ఆ మాట వల్లే ఆటగాళ్లకు స్వేచ్ఛ వచ్చిందని ఇప్పుడు అందరూ చెబుతారు. అంత తేలిగ్గా జరగలేదు. ఆ మాట ఏం చేసింది, ఏం చేయలేకపోయింది, ఎవరికి లాభమైంది, ఎవరు చెల్లించారు అన్నదే ఈ సాయంత్రం నా విషయం.

ముందు ఆట గురించి కొంచెం. బేస్‌బాల్ నియమాల పాఠం చెప్పి మిమ్మల్ని విసిగించను. బ్యాటర్‌కు దూరంగా పచ్చికలో ముగ్గురు నిలబడతారు. ఎడమ వైపు ఒకడు, కుడి వైపు ఒకడు, మధ్యలో ఒకడు. వీళ్లే ఔట్‌ఫీల్డర్లు. మధ్యలోవాడు అందరికంటే ఎక్కువ నేల కాపాడాలి. బంతి బ్యాటుకు తగిలిన చప్పుడుకే అది ఎక్కడ దిగుతుందో అంచనా కట్టి, వీపు తిప్పి పరిగెత్తాలి. ఈ పనిలో ఫ్లడ్ ఆ రోజుల్లో మేటి. 1963 నుంచి 1969 వరకు వరసగా 7 ఏళ్లు ఫీల్డింగ్‌కు ఇచ్చే గోల్డ్ గ్లోవ్ బహుమతి అతనిదే. 1966 సీజన్ మొత్తంలో ఒక్క తప్పు కూడా చేయలేదు. 1965 చివర మొదలుపెట్టి 1967 దాకా వరసగా 226 ఆటలు తప్పు లేకుండా ఆడాడు. బ్యాటింగ్‌లోనూ తక్కువవాడు కాదు. 1964లో 211 హిట్లతో నేషనల్ లీగ్‌లో రొబెర్టో క్లెమెంటేతో కలిసి మొదటి స్థానం. మొత్తం కెరీర్‌లో 1,861 హిట్లు, సగటు .293. ఆ సగటును క్రికెట్ లెక్కలో చూడకండి; బేస్‌బాల్‌లో పదింటిలో మూడుసార్లు కొట్టగలిగితే గొప్పవాడి కిందే లెక్క.

పుట్టింది టెక్సస్‌లోని హ్యూస్టన్‌లో, 1938లో. పెరిగింది కాలిఫోర్నియాలోని వెస్ట్ ఓక్లాండ్‌లో. ఆ పేట మెక్‌క్లైమండ్స్ హైస్కూలు సంగతి వింటే ఆశ్చర్యమేస్తుంది. ఫ్రాంక్ రాబిన్సన్, వేడా పిన్సన్, కర్ట్ ఫ్లడ్, ఈ ముగ్గురు బేస్‌బాల్ ఆటగాళ్లూ అక్కడివాళ్లే. బాస్కెట్‌బాల్ దిగ్గజం బిల్ రసెల్ కూడా ఆ బడిలోనే చదివాడు. జార్జ్ పౌల్స్ అనే తెల్లజాతి కోచ్ ఈ నల్లజాతి పిల్లలకు ఆట నేర్పాడు. 1956లో సిన్సినాటి క్లబ్బు ఫ్లడ్‌ను ఏడాదికి 4,000 డాలర్లకు తీసుకుంది. బోనస్ ఏమీ లేదు.

శిక్షణ శిబిరం ఫ్లోరిడాలోని టాంపాలో. పద్దెనిమిదేళ్ల కుర్రాడు, జట్టు బస చేసిన హోటల్లోకి పెట్టె పట్టుకుని వెళ్లాడు. లాబీలోంచి పక్క తలుపు గుండా బయటికి పంపి, టాక్సీ ఎక్కించి, ఊరికి అవతల నల్లవాళ్ల కోసం ఉన్న ఒక ఇంటికి తోలేశారు. జట్టులోని మిగతా నల్లజాతి ఆటగాళ్లు కూడా అక్కడే ఉన్నారు. తర్వాత నార్త్ కరోలినాలోని హైపాయింట్-థామస్‌విల్ అనే మైనర్ లీగ్ జట్టులో, అంటే కింది స్థాయి జట్టులో, ఆడాడు. ఆ ఏడాది అతని సగటు .340, హోమ్‌రన్లు 29. అన్ని పరుగులు చేస్తున్నా, దారిలో హోటల్ దగ్గర బస్సు ఆగితే తెల్లవాళ్లు లోపలికి వెళ్లి తినేవాళ్లు, అతను వెనక తలుపు దగ్గర నిలబడి తన పొట్లం తీసుకునేవాడు. దక్షిణాదిలో ఒకసారి ఒకే రోజు రెండు ఆటలు పడ్డాయి. మొదటి ఆట అయ్యాక అందరూ చెమట బట్టలు విప్పి కుప్పగా పడేశారు. ఇతను కూడా వేశాడు. అక్కడి పనివాడు ఒక పొడవాటి కర్రతో ఇతని బట్టల్ని వేరుచేసి, నల్లవాళ్ల లాండ్రీకి పంపాడు. ఆ లాండ్రీ దూరం. మిగతావాళ్లు ఉతికిన యూనిఫాంలు వేసుకుని మైదానంలోకి వెళుతుంటే ఇతను ఒంటి మీద నూలుపోగు లేకుండా తన బట్టల కోసం కూర్చున్నాడు.

ఈ సంగతి ఎందుకు చెబుతున్నానంటే, తర్వాత అతను అన్న మాటను డబ్బు గొడవగా కొట్టిపారేసినవాళ్లు ఈ కర్రను మర్చిపోయారు.

1957 డిసెంబర్‌లో సిన్సినాటి అతన్ని సెయింట్ లూయిస్‌కు ఇచ్చేసింది. పంతొమ్మిదేళ్లకే మొదటి ట్రేడ్. మళ్లీ ఇలా ఎవరూ నన్ను పంపకూడదు అని అప్పుడే అనుకున్నానని తర్వాత చెప్పుకున్నాడు. కొన్నాళ్లు మేనేజర్ సాలీ హీమస్ అతన్ని బెంచీ మీదే కూర్చోబెట్టాడు. 1961లో జానీ కీన్ మేనేజర్ అయ్యాక జట్టులో చోటు స్థిరపడింది. ఆ కార్డినల్స్ జట్టు మంచి జట్టు. బాబ్ గిబ్సన్, లూ బ్రాక్, బిల్ వైట్, టిమ్ మెకార్వర్ లాంటివాళ్లు నల్ల-తెల్ల తేడా లేకుండా కలిసి తిరిగేవాళ్లు. ఆ రోజుల్లో అది చిన్న విషయం కాదు. 1964, 1967లో ఆ ఏటి విజేతను తేల్చే వరల్డ్ సిరీస్ గెలిచారు.

ఆట బయట కూడా ఫ్లడ్ ఊరుకున్నవాడు కాదు. 1962 ఫిబ్రవరిలో మాజీ ఆటగాడు జాకీ రాబిన్సన్‌తో కలిసి మిసిసిపీలోని జాక్సన్‌కు, పౌరహక్కుల సభకు వెళ్లాడు. అప్పటి మిసిసిపీకి ఒక నల్లజాతి ఆటగాడు సభలో మాట్లాడటానికి వెళ్లడమంటే ప్రాణం మీదికి తెచ్చుకోవడమే. 1964లో, వరల్డ్ సిరీస్ గెలిచిన ఆ శరదృతువులోనే, కాలిఫోర్నియాలోని అలమోలో ఇల్లు అద్దెకు తీసుకుంటే, వచ్చేది నల్లవాళ్లని తెలిసి, అడుగు పెడితే కాల్చేస్తామన్నారు. కోర్టుకెళ్లి ఉత్తర్వు తెచ్చుకుని ఆ ఇంట్లోనే దిగాడు. కోర్టు మీద అతనికి నమ్మకం కుదిరింది అక్కడేనేమో అని నాకు అనిపిస్తుంటుంది.

1968 వరల్డ్ సిరీస్ ఏడో ఆట గురించి చెప్పకుండా ముందుకెళ్లలేను. అక్టోబర్ 10, సెయింట్ లూయిస్. ప్రత్యర్థి డెట్రాయిట్ టైగర్స్. గిబ్సన్ బంతులు విసురుతున్నాడు. ఏడో ఇన్నింగ్స్ దాకా ఎవరికీ పరుగు లేదు. ఇద్దరు ఔటయ్యారు, ఇద్దరు బేస్‌ల మీద ఉన్నారు. జిమ్ నార్త్‌రప్ కొట్టిన బంతి నేరుగా సెంటర్ ఫీల్డ్ వైపు లేచింది. ఫ్లడ్ ముందు లోపలికి అడుగులేశాడు, తప్పు తెలిసి వెనక్కి తిరిగాడు, కాలు జారింది. బంతి తల మీదుగా పోయింది. రెండు పరుగులు. డెట్రాయిట్ 4-1తో గెలిచింది. దేశంలో అందరికంటే నమ్మకమైన చేతులున్న మనిషి అందరూ చూస్తుండగా చేసిన పొరపాటు అది. నాదే తప్పని గిబ్సన్‌తో చెప్పాడు. తప్పు ఎవరిదీ కాదు పొమ్మన్నాడు గిబ్సన్.

క్లబ్బు ఓనరు గస్సీ బుష్ అంత ఉదారంగా లేడు. బడ్‌వైజర్ బీరు తయారుచేసే కంపెనీ ఆయనది. 1969 సీజన్‌కు ఫ్లడ్ 90 వేల డాలర్లు అడిగి తీసుకున్నాడు. అప్పట్లో మేజర్ లీగ్ సగటు జీతం దాదాపు 25 వేలు. ఆ వసంతంలో బుష్ విలేకరులను పిలిచి, వాళ్ల ముందే ఆటగాళ్లకు క్లాసు పీకాడు. మీకు కృతజ్ఞత లేదు, అభిమానుల్ని పట్టించుకోరు అన్నాడు. ఆ ఏడాది జట్టు నాలుగో స్థానానికి పడిపోయింది. అక్టోబర్‌లో ఒకరోజు తెల్లవారుజామున ఫ్లడ్‌కు ఫోన్ వచ్చింది. చేసింది ఓనరు కాదు, జనరల్ మేనేజరు కూడా కాదు, ఆఫీసులో ఒక మధ్యస్థాయి ఉద్యోగి. నిన్ను ఫిలడెల్ఫియాకు ట్రేడ్ చేశాం. ఫ్లడ్, మెకార్వర్, ఇంకో ఇద్దరు అటు. డిక్ ఆలెన్, ఇంకో ఇద్దరు ఇటు. పన్నెండేళ్ల కొలువు ఒక ఫోన్‌కాల్‌తో తేలిపోయింది.

ఇది ఎలా చెల్లింది? ఇక్కడ రిజర్వ్ క్లాజు అనేదాన్ని చూడాలి. 1879లో ఓనర్లంతా రహస్యంగా కూడి, ఒక్కో జట్టు ఐదుగురు ఆటగాళ్లను తన పేరున ఉంచుకోవచ్చనీ, మిగతావాళ్లు వాళ్ల జోలికి పోకూడదనీ ఒప్పుకున్నారు. క్రమంగా అది ఐదుగురి నుంచి అందరికీ పాకింది. కాంట్రాక్టు గడువు ఏడాదే. కానీ సంతకం చేయకపోతే పాత షరతుల మీద మరో ఏడాది పొడిగించుకునే హక్కు క్లబ్బుకు ఉంటుంది. పొడిగించిన కాంట్రాక్టులో కూడా ఆ వాక్యం ఉంటుంది కాబట్టి, దాన్ని ఇంకో ఏడాది పొడిగించొచ్చు. అలా ఎప్పటికీ. ఇది ఓనర్ల లెక్క. ఆటగాడికి మిగిలిన దారులు రెండే. చెప్పిన చోట ఆడటం, లేదా ఆట మానుకోవడం.

ఆటగాళ్ల అమ్మకం అనగానే మీకు ఐపీఎల్ వేలం గుర్తొచ్చి ఉంటుంది. హైదరాబాద్ జట్టు ఫలానావాణ్ణి ఇన్ని కోట్లకు కొంది అని మనమూ రోజూ అంటాం, తప్పేమీ అనిపించదు. తేడా చూడండి. ఆ వేలంలో పేరు నమోదు చేసుకునేది ఆటగాడే, కనీస ధర చెప్పేదీ అతనే, పాడేవాళ్లు పదిమంది. ఫ్లడ్‌కు కావలసింది సరిగ్గా అదే: ఒకరికి మించి పాడేవాళ్లు. వేలంలో నిలబడే హక్కు కోసం అతను కోర్టుకెళ్లాడు.

అంతకు మూడేళ్ల ముందు, 1966లో, ఆటగాళ్ల యూనియన్‌కు మార్విన్ మిల్లర్ అనే ఆయన వచ్చాడు. ఉక్కు కార్మికుల సంఘంలో ఆర్థికవేత్తగా పనిచేసిన మనిషి. ఫ్లడ్ వెళ్లి కేసు వేస్తానంటే మిల్లర్ సంతోషించలేదు. దాదాపుగా ఓడిపోతావు అన్నాడు. గెలిచినా నీకు నష్టపరిహారం దక్కకపోవచ్చు. నీ కెరీర్ పోతుంది. రేపు కోచ్‌గా, మేనేజర్‌గా ఎవరూ తీసుకోరు. నీ సొంత జీవితమంతా తవ్వి బయట పెడతారు. ఫ్లడ్ ఒక్కటే అడిగాడు: మిగతా ఆటగాళ్లకు, రేపు రాబోయేవాళ్లకు దీనివల్ల మేలు జరుగుతుందా? జరుగుతుందన్నాడు మిల్లర్. అయితే అది చాలు అన్నాడు ఫ్లడ్.

ఫ్లడ్‌ను దేవుణ్ణి చేయడానికి నేను ఇక్కడికి రాలేదు. ఫిలడెల్ఫియా అంటే అతనికి ఇష్టం లేదు. ఆ ఊరి ప్రేక్షకులు నల్లజాతి ఆటగాళ్లను ఎలా చూస్తారో డిక్ ఆలెన్ అనుభవం చూసి తెలుసు. సెయింట్ లూయిస్‌లో అతనికి ఫోటోగ్రఫీ వ్యాపారం ఉంది, అప్పులున్నాయి, విడిపోయిన సంసారం ఉంది, తాగుడు ఉంది. సొంత కారణాలు లేకుండా ఎవరూ పోరాటంలోకి దిగరు. కానీ ఫిలడెల్ఫియా క్లబ్బు లక్ష డాలర్లు ఇవ్వడానికి సిద్ధపడింది. సొంత లాభమే చూసుకుని ఉంటే ఆ కాగితం మీద సంతకం పెట్టేవాడు.

1969 డిసెంబర్‌లో ప్యూర్టో రికోలోని సాన్ హువాన్‌లో యూనియన్ ప్రతినిధుల సమావేశం. ఫ్లడ్ వచ్చి తన మాట చెప్పాడు. టామ్ హాలర్ అనే తెల్లజాతి ఆటగాడు లేచి, నువ్వు నల్లవాడివి కావడం వల్ల ఇది చేస్తున్నావా అని అడిగాడు. అడగాల్సిన ప్రశ్నే, దాచుకోకుండా అడిగినందుకు నాకు హాలర్ మీద గౌరవం. నల్లవాడిగా నాకు అందరికంటే చేదు అనుభవాలున్న మాట నిజమే, కానీ ఇది ఆటగాళ్లందరి సంగతి అని ఫ్లడ్ జవాబు. 25-0తో మద్దతు తీర్మానం నెగ్గింది. లాయరు ఖర్చు యూనియన్ భరిస్తుందన్నారు.

1970 జనవరి 3న టీవీలో హోవర్డ్ కోసెల్ ఇంటర్వ్యూ చేశాడు. ఏడాదికి 90 వేల డాలర్లు తెచ్చుకుంటున్నావు, దాన్ని బానిస కూలీ అనలేం కదా అన్నాడు. ఎంత మంచి జీతమిచ్చినా బానిస బానిసే అన్నాడు ఫ్లడ్.

దేశం భగ్గుమంది. ఫ్యాక్టరీలో రోజంతా ఒళ్లు వంచినా పదివేలు కళ్లజూడని మనిషి, బంతాట ఆడి 90 వేలు తీసుకునేవాడు బానిసనంటే మండిపడడా? పడతాడు. బూతులతో ఉత్తరాలు, చంపుతామని బెదిరింపులు వచ్చిపడ్డాయి. ఆ మాట అతిశయోక్తే అనేవాళ్లు ఇవాళా ఉన్నారు, వాళ్లను కొట్టిపారేయను. బానిసకు పని మానేసి పోయే వీలుండదు, ఫ్లడ్‌కు ఉంది. అయినా అతను జీతం ఎంతని మాట్లాడలేదు, నా మీద నిర్ణయం ఎవరిదని మాట్లాడాడు. పైగా ఆ మాట అన్నది 1970లో ఒక నల్లజాతి అమెరికన్. అతని తాతల కాలంలో ఆ మాటకు ఉపమానార్థం లేదు.

కేసు న్యూయార్క్ ఫెడరల్ కోర్టులో జనవరి 16న దాఖలైంది. లాయరు ఆర్థర్ గోల్డ్‌బర్గ్. ఒకప్పుడు సుప్రీంకోర్టు జడ్జి, అంతకు ముందు కార్మిక మంత్రి. ఇంత పెద్ద మనిషి దొరికాడని అందరూ మురిసిపోయారు. తీరా చూస్తే ఆయన అదే ఏడాది న్యూయార్క్ గవర్నర్ పదవికి పోటీచేస్తూ ప్రచారంలో తలమునకలై ఉన్నాడు. ఆ ఎన్నికలోనూ ఓడిపోయాడు.

విచారణ మే 19న మొదలైంది. ఫ్లడ్ తరఫున జాకీ రాబిన్సన్ వచ్చాడు. 1947లో మేజర్ లీగుల్లో వర్ణ గోడ బద్దలుకొట్టిన మనిషి, అప్పటికి షుగర్ జబ్బుతో చూపు మందగించి, జుట్టు పూర్తిగా నెరిసి, మెల్లగా నడుచుకుంటూ వచ్చి బోనులో కూర్చున్నాడు. ఒక పక్షానికే అన్ని హక్కులూ ఉండటం తప్పు అని సాక్ష్యం చెప్పాడు. ఆయన్ను కూడా 1956 చివర జెయింట్స్‌కు ట్రేడ్ చేశారు, వెళ్లకుండా రిటైరయ్యాడు. మాజీ ఓనరు బిల్ వీక్, ఆటగాడిగానూ తర్వాత యాజమాన్యంలోనూ పనిచేసిన హ్యాంక్ గ్రీన్‌బర్గ్ కూడా వచ్చి మాట్లాడారు.

మరి అప్పుడు ఆడుతున్నవాళ్లు? ఒక్కరూ రాలేదు. సాక్షిగా కాదు సరికదా, వెనక బెంచీల్లో కూర్చోవడానికి కూడా. సాన్ హువాన్‌లో చేతులెత్తిన ఆ పాతికమందిలో ఒక్కరు లేరు. ప్రాణస్నేహితుడు బాబ్ గిబ్సన్ తర్వాత నిజాయితీగా ఒప్పుకున్నాడు: నేను అతని వెనకే ఉన్నాను, కాకపోతే కొన్ని అడుగులు దూరంగా, ఏదైనా మీద పడితే తప్పించుకునేలా. మంచి యూనియన్, బలమైన తీర్మానం, ఖర్చుకు డబ్బు, అన్నీ ఉన్నాయి. కోర్టు హాల్లో అతని పక్కన ఒక్క తోటి ఆటగాడు మాత్రం లేడు. ఈ కథలో నాకు మింగుడుపడనిది ఇదే, సుప్రీంకోర్టు తీర్పు కాదు.

జిల్లా కోర్టులో ఓడిపోయాడు, అప్పీలులో కూడా. 1970 సీజన్ మొత్తం ఆడలేదు, డెన్మార్క్ వెళ్లి ఉన్నాడు. డబ్బు అయిపోయింది. 1971లో వాషింగ్టన్ సెనేటర్స్ 1,10,000 డాలర్లకు పిలిస్తే వెళ్లాడు. అప్పటికి ముప్ఫై మూడేళ్లు, ఏడాదిన్నర ఆటకు దూరం, ఒంట్లో మందు. 13 ఆటలు ఆడి 7 హిట్లు కొట్టాడు. ఏప్రిల్ 27న ఓనరుకు టెలిగ్రాం ఇచ్చి విమానమెక్కేశాడు. ప్రయత్నించాను, ఏడాదిన్నర విరామం చాలా ఎక్కువ, సొంత ఇబ్బందులు రోజురోజుకీ పెరుగుతున్నాయి అని అందులో ఉంది. మళ్లీ ఎప్పుడూ ఆడలేదు.

1972 మార్చి 20న సుప్రీంకోర్టులో వాదనలు. గోల్డ్‌బర్గ్ తను ఒకప్పుడు కూర్చున్న పీఠం ముందే నిలబడి తడబడ్డాడు. ఫ్లడ్ ఎన్ని గోల్డ్ గ్లోవ్‌లు గెలిచాడు, ఏ ఏడాది సగటెంత అని చదువుతూ సమయం మింగేశాడు. అక్కడ అసలు ప్రశ్న వేరు. గుత్తాధిపత్యాన్ని అరికట్టే చట్టాలు బేస్‌బాల్‌కు వర్తిస్తాయా? 1922లో జస్టిస్ హోమ్స్ వర్తించవన్నాడు. బేస్‌బాల్ ఆటలు రాష్ట్రాల మధ్య జరిగే వాణిజ్యం కిందికి రావు, ఆటగాళ్లు ఒక రాష్ట్రం నుంచి ఇంకో రాష్ట్రానికి ప్రయాణం చేయడం అనుషంగికం మాత్రమే అన్నాడు. 1953లో మరో కేసులో కోర్టు దాన్నే నిలబెట్టింది. ఆ తర్వాత బాక్సింగ్‌కు మినహాయింపు లేదన్నారు, ఫుట్‌బాల్‌కు లేదన్నారు. బేస్‌బాల్‌కు మాత్రం ఉంది. ఎందుకు? ముందు నుంచీ ఉంది కాబట్టి.

జూన్‌లో 5-3 తేడాతో తీర్పు వచ్చింది. జస్టిస్ పావెల్‌కు బుష్ కంపెనీ షేర్లు ఉండటంతో తప్పుకున్నాడు. మెజారిటీ తీర్పు రాసింది జస్టిస్ బ్లాక్‌మన్. అమెరికా న్యాయ చరిత్రలో అంత చిత్రమైన తీర్పు అరుదు. మొదటి భాగమంతా బేస్‌బాల్‌కు స్తోత్రం. పాత ఆటగాళ్ల పేర్లు ఎనభైకి పైగా వరసపెట్టి రాశాడు. ఆయనతో ఓటేసిన ఇద్దరు జడ్జీలు కూడా ఆ భాగంలో మేం చేరం అన్నారు. తర్వాత అసలు విషయానికొచ్చి, బేస్‌బాల్ కూడా రాష్ట్రాల మధ్య వ్యాపారమే, ఈ మినహాయింపు ఒక అసంగతం అని ఒప్పుకున్నాడు. అయినా యాభై ఏళ్లుగా ఉంది, పార్లమెంటు కదిలించలేదు, మార్చాల్సింది వాళ్లే అని ఊరుకున్నాడు. తప్పని తెలిసీ తప్పును అలాగే ఉంచిన తీర్పు. 1953లో మెజారిటీతో చేరిన జస్టిస్ డగ్లస్ ఈసారి విభేదిస్తూ, అప్పుడు చేసిన పనికి బతికుండగానే చింతించాల్సి వచ్చింది అని అడుగున రాసుకున్నాడు. జడ్జీలు అలా రాసుకోవడం ఎన్నిసార్లు చూస్తాం?

ఆ వార్త వచ్చేనాటికి ఫ్లడ్ స్పెయిన్‌కు చెందిన మయోర్కా దీవిలో ఉన్నాడు. అక్కడ బార్ నడిపాడు, తాగుడులో బాగా దిగజారాడు. 1970ల మధ్యలో ఓక్లాండ్ తిరిగి వచ్చేనాటికి మనిషి నలిగిపోయి ఉన్నాడు.

ఇక నేను మొదట అన్న ప్రశ్నకు వస్తాను. అతని మాట ఏం చేసింది? రిజర్వ్ క్లాజును పడగొట్టింది ఫ్లడ్ కేసు కాదు, ఇది స్పష్టంగా చెప్పుకోవాలి. కేసు నడుస్తుండగానే, 1970లో, ఓనర్లతో చేసుకున్న ఒప్పందంలో మిల్లర్ ఒక అంశం సాధించాడు. కాంట్రాక్టు తగాదాలను తటస్థ మధ్యవర్తి తేల్చాలి. ఓనర్లు అప్పటిదాకా కమిషనరే తేల్చాలని పట్టుబట్టేవాళ్లు. కోర్టులో మాత్రం, ఇది చట్టం సంగతి కాదు, యూనియన్‌తో బేరమాడి తేల్చుకోవాల్సిన సంగతి అని వాళ్ల లాయర్లే వాదించారు. ఒకచోట బేరానికి పిలిచి ఇంకోచోట తలుపు మూయడం కుదరదు కదా. 1975లో ఆండీ మెస్సర్‌స్మిత్, డేవ్ మెక్‌నాలీ అనే ఇద్దరు ఆటగాళ్లు కాంట్రాక్టు మీద సంతకం చేయకుండా ఏడాది గడిపేశారు. మధ్యవర్తి పీటర్ సైట్జ్ డిసెంబర్ 23న, ఏడాది అంటే ఏడాదే, ఎప్పటికీ కాదు అని తేల్చాడు. ఓనర్లు ఆయన్ను వెంటనే పీకేశారు, తీర్పు మాత్రం పోలేదు. 1976లో సగటు జీతం సుమారు 51 వేల డాలర్లు, 1980కల్లా లక్షా 43 వేలు దాటింది.

ఈ గెలుపులో ఫ్లడ్ వాటా ఎంత అని కొలవడం కష్టం. నా లెక్క ఇది. మెస్సర్‌స్మిత్‌కు రెండు పక్షాలూ ఒప్పుకున్న ఒక వేదిక ఉంది, ఫ్లడ్‌కు లేదు. ఆ వేదిక కట్టింది మిల్లర్. కానీ రిజర్వ్ క్లాజు అంటే ఏమిటో అభిమానులకే కాదు, ఆడేవాళ్లకే సరిగ్గా తెలియని రోజుల్లో దాన్ని మూడేళ్లపాటు పత్రికల మొదటి పేజీలో నిలబెట్టింది ఫ్లడ్. కోర్టు కూడా అది సరైనది అనలేదు, మా పని కాదంది. ఓనర్ల చేతిలో ఆ తర్వాత మిగిలింది పాత అలవాటే తప్ప న్యాయం కాదు.

ఇంకో మేలు సూటిగా జరిగింది. 1973 ఒప్పందంలో ఒక నియమం వచ్చింది. మేజర్ లీగుల్లో 10 ఏళ్లు ఆడి, అందులో చివరి 5 ఏళ్లు ఒకే జట్టులో ఉన్నవాణ్ణి అతని ఒప్పుకోలు లేకుండా ట్రేడ్ చేయకూడదు. అదే ఏడాది చివర షికాగో కబ్స్ ఆటగాడు రాన్ శాంటో దాన్ని వాడుకుని, కాలిఫోర్నియా ఏంజెల్స్‌కు వెళ్లనన్నాడు. నాలుగేళ్ల ముందు ఈ నియమం ఉండి ఉంటే ఫ్లడ్ ఆ ఫోన్‌లోనే రానని చెప్పి మళ్లీ పడుకునేవాడు.

చివరి పదేళ్లు అతనికి కాస్త ప్రశాంతంగా గడిచాయి. మందు మానేశాడు. 1986లో నటి జూడీ పేస్‌ను పెళ్లి చేసుకున్నాడు. 1994లో ఆటగాళ్ల సమ్మె జరుగుతున్నప్పుడు యూనియన్ వాళ్లు అట్లాంటాలో సమావేశమై అతన్ని పిలిచారు. కోట్ల డాలర్లు సంపాదిస్తున్న కుర్రాళ్లంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. 1970లో ఆ కోర్టు హాల్లో నలుగురు కూర్చుని ఉంటే అంతకంటే విలువైనది అయ్యుండేదని నాకనిపిస్తుంది. 1997 జనవరి 20న గొంతు క్యాన్సర్‌తో లాస్ ఏంజెలెస్‌లో చనిపోయాడు. 59 ఏళ్లు.

బేస్‌బాల్ ప్రముఖులను గౌరవించే కూపర్స్‌టౌన్‌లోని హాల్ ఆఫ్ ఫేమ్‌లో అతని ఫలకం ఇప్పటిదాకా లేదు. అతని ఉత్తరాన్ని తోసిపుచ్చిన బోవీ కూన్ 2008లో చేరాడు. మార్విన్ మిల్లర్‌ను చనిపోయిన ఏడేళ్లకు, 2019లో, ఎన్నుకున్నారు. ఆ ట్రేడ్‌లో ఎవరికి బదులుగా ఇతన్ని పంపారో ఆ డిక్ ఆలెన్‌ను కూడా 2024 డిసెంబర్‌లో ఎన్నుకున్నారు. ఆలెన్‌కు అర్హత లేదని కాదు, ఎప్పుడో రావాల్సింది. కానీ ఈ వరస చూస్తే ఫ్లడ్‌ను ఏ కొలబద్దతో ఆపుతున్నారో నాకు అర్థం కాదు. హిట్లు చాలలేదంటారు. 33 ఏళ్లకు ఆట ఎందుకు ఆగిపోయిందో అడగరు.

అమెరికా పార్లమెంటు 1998లో అతని పేరు మీద చట్టం చేసింది. అతని జెర్సీ నంబరు 21 కాబట్టి ప్రతినిధుల సభలో ఆ బిల్లుకు కూడా 21వ నంబరే పెట్టించారు. మేజర్ లీగ్ ఆటగాళ్ల ఉద్యోగ విషయాల్లో గుత్తాధిపత్య వ్యతిరేక చట్టాలు బేస్‌బాల్‌కు వర్తిస్తాయని అది చెప్పింది. చిన్న అక్షరాలు చదివితే మిగతాది కనబడుతుంది. మైనర్ లీగుల కుర్రాళ్లకు, అంటే కర్రతో బట్టలు వేరుచేయించుకున్న నాటి ఫ్లడ్ లాంటి కుర్రాళ్లకు, అది వర్తించదు. క్లబ్బుల్ని ఊళ్లు మార్చే విషయానికి కూడా వర్తించదు. మైనర్ లీగ్ ఆటగాళ్లు యూనియన్‌లో చేరగలిగింది 2022లో. 1922 నాటి ఆ మినహాయింపును సుప్రీంకోర్టు ఇప్పటికీ కొట్టేయలేదు.

నేను చెప్పాల్సింది అయిపోయింది. ప్రశ్నలుంటే అడగండి.